ఏటి బొమ్మిది, ఎంతయ్యిందట?

ఒడిశాలోని మా బరంపురంలో ఏ కూడలిలో కొత్త బొమ్మ లేచినా టీ బడ్డీ దగ్గర రెండే మాటలు వినబడతాయి. "ఏటి బొమ్మిది మావా?" అనేది ఒకటి. "ఎంతయ్యిందట?" అనేది రెండోది. మా వీధిలో సగం ఇళ్లలో తెలుగు, సగం ఇళ్లలో ఒడియా. అందుకని ఈ ప్రశ్నలు రెండు భాషల్లోనూ వస్తాయి, వరస మాత్రం మారదు. చదువుకున్నవాళ్లు ఇది విని "మనవాళ్లకి కళంటే ఏం తెలుసు" అని పెదవి విరుస్తారు. నేనూ కొన్నేళ్లు అలాగే అనుకున్నాను. ఇప్పుడు ఆ రెండు ప్రశ్నలకన్నా సూటైన విమర్శ ఇంకోటి లేదనిపిస్తోంది. మొదటిది అర్థం అడుగుతోంది. రెండోది డబ్బు గురించి అడుగుతున్నట్టే ఉంటుంది గానీ, దాని కింద ఉన్న ప్రశ్న వేరు: ఎవరిని అడిగి పెట్టారు?

వీధిలో పెట్టిన బొమ్మ మీద జనం ఒకచోట కోప్పడతారు, ఒకచోట అసలు పట్టించుకోరు, ఇంకోచోట దాన్ని ఇంటి మనిషిలా చూసుకుంటారు. ఎందుకిలా అన్న చిక్కు విప్పాలంటే ముందు ఒక తేడా గమనించాలి. ప్రదర్శనశాలలో ఉన్న బొమ్మ దగ్గరికి మనం వెళతాం, నచ్చకపోతే వచ్చేస్తాం. వీధిలో బొమ్మ మన దారిలోకి వస్తుంది. పాలకి వెళ్లేటప్పుడూ, పిల్లని బడికి దింపేటప్పుడూ, పాడె వెనక నడిచేటప్పుడూ అది అక్కడే ఉంటుంది. చూడనని తప్పుకునే వీలు లేదు. కాబట్టి "నాకు నచ్చలేదు" అన్న మాటకి వీధిలో ఉండే బరువు ప్రదర్శనశాలలో ఉండదు.

ఈ బరువు ఎంతదాకా వెళుతుందో చెప్పడానికి న్యూయార్క్ కథ పనికొస్తుంది. 1981లో అక్కడ ప్రభుత్వ కార్యాలయాల ముందున్న ఆవరణలో రిచర్డ్ సెర్రా అనే శిల్పి 'టిల్టెడ్ ఆర్క్' నిలబెట్టాడు. 120 అడుగుల పొడవు, 12 అడుగుల ఎత్తున్న ఉక్కు గోడ అది. కాస్త వాలి, వంపు తిరిగి, తుప్పు రంగులో ఆ ఖాళీ జాగాని రెండుగా కోసేసింది. అక్కడి ఉద్యోగులు రోజూ దాన్ని చుట్టి వెళ్లాల్సి వచ్చేది. గొడవ ముదిరి 1985లో బహిరంగ విచారణ పెట్టారు. మాట్లాడిన 180 మందిలో 122 మంది ఉంచాలన్నారు. అయినా ఐదుగురు సభ్యుల బృందం 4-1తో తీసేయమంది. 1989లో దాన్ని ముక్కలు చేసి పట్టుకుపోయారు. ఆ చోటు కోసమే చేసిన శిల్పాన్ని చోటు మారిస్తే చంపినట్టేనని సెర్రా వాదించాడు. ఆ మాటలో నిజం ఉంది. దాని చుట్టూ రోజూ తిరిగినవాళ్ల విసుగులోనూ నిజం ఉంది. ఎవరిది ఒప్పో నేను తేల్చలేను. కానీ విచారణ శిల్పం పెట్టిన నాలుగేళ్లకి జరిగిందన్న సంగతి నన్ను వదలదు. ఆ మాటలన్నీ ముందే మాట్లాడుకోవలసినవి.

దాదాపు అదే కాలంలో వాషింగ్టన్‌లో ఇందుకు తిరగబడ్డ కథ నడిచింది. వియత్నాం యుద్ధంలో చనిపోయిన సైనికుల స్మారకానికి పోటీ పెడితే 1,421 నమూనాలు వచ్చాయి. 1981లో గెలిచింది మాయా లిన్ అనే 21 ఏళ్ల విద్యార్థిని. వీరుల విగ్రహం లేదు, గుర్రం లేదు, జెండా లేదు. నేలలోకి దిగిన నల్లరాతి గోడ, దాని మీద పేర్లు. అంతే. మాజీ సైనికుల్లోనే చాలామంది ఇది అవమానమన్నారు. వాళ్లని శాంతింపజేయడానికి 1984లో పక్కన ముగ్గురు సైనికుల కంచు విగ్రహం కూడా పెట్టారు. 1982లో గోడ తెరిచాక జరిగింది మాత్రం ఎవరూ ఊహించనిది. తల్లులు వచ్చి కొడుకు పేరు మీద వేళ్లు పెట్టారు. కాగితం అంటించి పెన్సిల్‌తో రుద్ది ఆ పేరుని ఇంటికి తీసుకెళ్లారు. బూట్లు, ఉత్తరాలు, ఫొటోలు గోడ మొదట్లో వదిలి వెళ్లారు. అర్థం కాదన్న బొమ్మకి అర్థం చేత్తో తాకితే దొరికింది.

అలవాటు కూడా పనిచేస్తుంది. కేరళలో మలంపుళ ఆనకట్ట తోటలో కానాయి కుంజిరామన్ 1969లో పూర్తిచేసిన నగ్న యక్షిని మొదట్లో చాలామంది తిట్టారు. ఇప్పుడు పాలక్కాడ్ అనగానే కళ్లముందుకొచ్చేది ఆవిడే. అయితే "కాలం గడిస్తే అదే సర్దుకుంటుంది" అని అధికారులు చెప్పడానికి ఈ ఉదాహరణని వాడుకోకూడదు. అలవాటుపడటం వేరు, మనదనుకోవడం వేరు. కూడలి మధ్య పాడైపోయిన ఫౌంటెన్‌కి కూడా మనం అలవాటు పడ్డాం.

ఇప్పుడు మా ఊరికి వస్తాను. బరంపురం జనానికి కళ తెలియదనేవాళ్లు మా ఊరి అమ్మవారు బుఢీ ఠాకురాణి యాత్రలో ఒక్క రాత్రి తిరగాలి. రెండేళ్లకోసారి చైత్రంలో ఇంచుమించు నెల్లాళ్లు సాగే పండుగ ఇది. దీన్ని నడిపించేది దేరా నేతవాళ్లు, పట్టు నేసే తెలుగు కుటుంబాలు. వాళ్ల కులపెద్దని దేశిబెహరా అంటారు. అమ్మవారు దేశిబెహరా ఇంటి ఆడపడుచని నమ్మకం. అందుకే యాత్ర రోజుల్లో ఆవిడ గుడి వదిలి దేశిబెహరా వీధిలో కట్టిన తాత్కాలిక మండపానికి వస్తుంది. అంటే పుట్టింటికొస్తుంది. సాయంత్రాలు ఘటాలు ఊరేగుతాయి. తెలుగు, ఒడియా అన్న తేడా లేకుండా ప్రతి ఇంటి ముందూ పసుపునీళ్లతో ఎదురువస్తారు.

ఆ రోజుల్లో వీధి వీధికీ రథాలు లేస్తాయి. రథమంటే లాగేది కాదు, కదలకుండా నిలబడేది. కర్రలతో ఎత్తుగా కట్టి, మీద పురాణ ఘట్టాలు బొమ్మలుగా అమర్చి, రాత్రి దీపాలు పెడతారు. జనం ఇంటిల్లిపాదీ వీధి వీధీ తిరిగి చూస్తారు. అప్పుడు వినాలి వాళ్ల మాటలు. "రావణాసురుడి చేతులు పొట్టిగా వచ్చాయి చూడు." "కిందటి యాత్రకి ఈ వీధివాళ్లే ఇంతకన్నా బాగా చేశారు." "అమ్మవారి మొహంలో కోపం సరిపోలేదు." మా పిన్ని నేతింటి కోడలు, బడిమెట్లు ఎక్కలేదు. రథం మీది సీత చీర చూసి, ఆ అంచు మన బరంపురం పట్టుచీరల మీదుండే ఫొడా కుంభం కాదు, ఎక్కడిదో అంటించారని దూరం నుంచే పట్టేసింది. కూడలిలో సిమెంటు బొమ్మ ముందు "ఏటిది?" అని ఆగిపోయేది కూడా ఈ పిన్నే.

తేడా ఆవిడలో లేదు. రథం ఎవరు కట్టారో ఆవిడకి తెలుసు, చందా ఇచ్చింది తనే. అది ఏ కథో తెలుసు, ఎన్నాళ్లుంటుందో తెలుసు. బాగాలేకపోతే ఎవరితో చెప్పాలో తెలుసు, చెబితే వచ్చే యాత్రకి దిద్దుకుంటారని కూడా తెలుసు. విమర్శకి చెవులున్నచోట జనం విమర్శకులవుతారు. సిమెంటు బొమ్మ ముందు ఆ నాలుగింట్లో ఒక్కటీ లేదు. ఇక మిగిలేది ధర అడగడమే.

యాత్రలో ఇంకో సంగతి కూడా ఉంది. మొక్కున్నవాళ్లు వేషాలు కడతారు. పులివేషమైతే ఒళ్లంతా పసుపు రంగు పూసి నల్ల చారలు గీయించుకుని వాయిద్యాల వెనక ఆడుకుంటూ వస్తారు. నిన్నటిదాకా కిరాణా కొట్లో పొట్లాలు కట్టినవాడు ఇవాళ పులి. చూసేవాడికీ చేసేవాడికీ మధ్య గీత ఎక్కడుందో చెప్పలేం. గంజాం పల్లెల్లో ఆశ్వయుజంలో వ్రతం కోసం గోడల మీద దేవతల్ని రాయించే ఓషాకోఠిలూ ఈ జాతిలోవే. బొమ్మ మొదట పూజకి, ఆ తర్వాతే చూపుకి.

ఇక విగ్రహాలు. సరిహద్దు ఊళ్లలో ఇది సున్నితమైన విషయం, జాగ్రత్తగా చెప్పాలి. పర్లాకిమిడి మహారాజు కృష్ణచంద్ర గజపతి 1936 ఏప్రిల్ 1న ఒడిశా వేరే రాష్ట్రంగా ఏర్పడటానికి పాటుపడ్డవారిలో ముందున్నవాడు. 1937లో తొలి ప్రధానిగా పనిచేశాడు, ముఖ్యమంత్రిని అప్పట్లో అలా పిలిచేవారు. ఆ ఊళ్లోనే రాజావారి బడిలో పాఠాలు చెప్పిన గిడుగు రామమూర్తి పంతులు, పర్లాకిమిడి ఒడిశాలో కలవడం ఇష్టంలేక 1936లో రాజమండ్రి వెళ్లిపోయాడు. ఒకే ఊరు, ఒకే ఏడాది. మహారాజు విగ్రహానికి దండ వేసేటప్పుడు ఒడియా ఇంటివాడి మనసులో మెదిలే కథ ఒకటి, తెలుగింటివాడి మనసులో మెదిలేది ఇంకొకటి. ఇద్దరూ అబద్ధమాడటం లేదు. పంతులుగారి బొమ్మ ముందు నిలబడ్డా ఇంతే.

అందుకే విగ్రహాన్ని మనం బొమ్మగా చూడం. రథం మీద రావణుడి చేతులు పొట్టి అన్న మనిషి, నాయకుడి విగ్రహంలో మెడ కురచైందని పైకి అనడు. అన్నాడంటే ఆ మాట శిల్పికి తగలదు, ఆ నాయకుణ్ని తమవాడనుకునే జనానికి తగులుతుంది. ఊరికే గొడవెందుకని ఊరుకుంటాడు. అలా దేశమంతా మనిషి పోలికలేని విగ్రహాలు చేసినా అడిగేవాడు లేకుండా పోయాడు. నాకు ఇది నిజంగా బాధగా ఉంటుంది, ఎందుకంటే మనకి మంచి శిల్పం తెలియక కాదు. మేం ఒకప్పుడు మద్రాసు ప్రెసిడెన్సీలోవాళ్లం. ఆ మద్రాసు కళాపాఠశాలకి 1929 నుంచి ప్రిన్సిపాల్‌గా ఉన్న దేవీప్రసాద్ రాయ్ చౌధురి చేసిన 'శ్రమ విజయం' 1959 నుంచి మెరీనా తీరంలో ఉంది. నలుగురు మనుషులు ఒక బండని కదిలిస్తుంటారు. వాళ్లకి పేర్లు లేవు. బరువు మోసిన వీపు ఎలా ఉంటుందో తెలిసిన ఎవడికైనా అది ఎవరి బొమ్మో చెప్పనక్కర్లేదు. రోడ్ల మీద, కాలిబాటల మీద కొత్త విగ్రహాలకి అనుమతులివ్వొద్దని సుప్రీంకోర్టు 2013 జనవరిలో రాష్ట్రాలని ఆదేశించింది. రాకపోకలకి అడ్డమన్నది అందులో ముఖ్యమైన సంగతి. విగ్రహం బాగుందా లేదా అని అడిగే చోటు మాత్రం కోర్టు బయట మనమే వెతుక్కోవాలి.

గోడ దగ్గరికొస్తే కథ ఇంకా లోతు. రాయగడ జిల్లా గుణుపూర్ పైనున్న పుట్టాసింగి కొండల్లో, గజపతి జిల్లా సెరంగ వైపు లాంజియా సవరలు ఇంటి గోడ మీద రాసే బొమ్మని ఇడితాల్ అంటారు. గోడమీది రాత అని దానర్థం. ఎర్రమట్టి అలికిన గోడ మీద, నలిపిన వెదురుపుల్లతో, బియ్యప్పిండి తెలుపుతో వేస్తారు. నలుచదరపు గీత లోపల మనుషులు, చెట్లు, ఏనుగులు, గుర్రాలు, సూర్యచంద్రులు. ఆ నలుచదరం చట్రం కాదు, ఇల్లు. చనిపోయిన పెద్దో, దేవతో వచ్చి ఉండే ఇల్లు.

ఈ బొమ్మ ఎందుకు వేస్తారో తెలిస్తే మన ప్రశ్నకి జవాబు సగం దొరుకుతుంది. ఇంట్లో జబ్బు చేస్తుంది, లేదా ఒక మరణం జరుగుతుంది. ఫలానా పెద్దకి ఇల్లు కావాలట అని పూజారి చెబుతాడు. ఏం వేయాలో కలలో తెలుస్తుంది. వేశాక బొమ్మ ముందు కల్లు, అన్నం పెట్టి ఆ పెద్దని పిలుస్తారు. అప్పుడు పూజారి నోట ఆ చనిపోయిన మనిషే మాట్లాడతాడు, ఫలానాది లేదేమంటాడు. వెంటనే దాన్ని చేరుస్తారు. 1940లలో ఈ కొండల్లో తిరిగిన మానవశాస్త్రవేత్త వెరియర్ ఎల్విన్ చూసిన ఇడితాళ్లలో సైకిళ్లు, రైళ్లు, విమానాలు కూడా ఉన్నాయి. పర్లాకిమిడి రాజావారు వేయించిన నౌపడ చిన్న రైలు 1931లో గుణుపూర్ దాకా వచ్చింది. ఆ రైలే కొండెక్కి గోడ మీదికి చేరిందని నా ఊహ. పెద్దలు ఆ లోకంలో కూడా నడిచి తిరగకూడదని కాబోలు. ఈ సవరల మాట కోసమే గిడుగువారు పర్లాకిమిడిలో ఏళ్లు ధారపోశారు, వాళ్ల భాషకి ఆయన రాసిన వ్యాకరణం 1931లోనే అచ్చయింది.

అంటే ఇడితాల్‌లో "ఎవరిని అడిగి" అన్న ప్రశ్న మొదట్లోనే ఉంది. అడిగినవాళ్లున్నారు, దిద్దమని చెప్పే నోరుంది, పనైపోయాక గోడ మళ్లీ అలికేసే చెయ్యీ ఉంది.

ఇప్పుడు ఆ బొమ్మలే ఒడిశా అంతటా ఆఫీసు ప్రహరీల మీద, వంతెన స్తంభాల మీద, హోటళ్ల వరండాల్లో కనబడుతున్నాయి. 2018లో భువనేశ్వర్‌లో హాకీ ప్రపంచకప్ జరిగినప్పుడు రోడ్డు పక్క గోడలకి పెద్ద ఎత్తున బొమ్మలు వేశారు. ఆ తర్వాత జిల్లాల్లోనూ గోడ కనబడితే రంగేయడం ఆనవాయితీ అయింది. లాంజియా సవర చిత్రానికి 2024 జనవరిలో భౌగోళిక గుర్తింపు వచ్చింది. ఆ పేరుతో అమ్మే సరుకుకి అది రక్షణ, మంచిదే. కానీ ఆఫీసు ప్రహరీ మీద ఏనుగూ మనిషీ వేసినప్పుడు ఏ పెద్దా వచ్చి ఉండమని అడగలేదు. అందులో ఎవరూ ఉండరు. ఖాళీ ఇళ్ల వరస అది. చూడముచ్చటగానే ఉంటుంది. తెలియనివాళ్లకి కొంతైనా తెలుస్తుందన్న వాదన కూడా తీసిపారేయదగింది కాదు. ఆ గోడ మీద సవర మనిషే పనిచేసి, కూలి చేతికొచ్చి, పక్కన అతని ఊరి పేరు ఉంటే నాకు ఏ పేచీ లేదు. చాలాచోట్ల ఆ పేరు కోసం వెతికాను, రంగు కంపెనీ పేరే దొరికింది.

ఇంకో రకం గోడబొమ్మ ఉంది, దాని గురించి ఎవరూ రాయరు. మూత్రం పోయకుండా, ఉమ్మకుండా దేవుళ్ల పలకలు అతికిస్తారు. వేంకటేశ్వరుడు, ఏసుప్రభువు, మక్కా, పక్కపక్కనే. జనం చూడాలని పెట్టిన బొమ్మ కాదిది, జనాన్ని నమ్మక పెట్టింది. చాలా "సుందరీకరణ" కూడా లోలోపల ఇదే జాతి అని నా అనుమానం. గోడకి రంగేస్తే పోస్టర్లు అంటించరు, చెత్త పోయరు అన్న లెక్కతో మొదలవుతుంది. ఆ లెక్క జనానికి తెలిసిపోతుంది. వాళ్లూ ఆ గోడని గోడలాగే చూస్తారు, పిడకలు కొడతారు, ఆవుని కట్టేస్తారు, లుంగీ ఆరేస్తారు.

సరిహద్దులో గోడ మీద రాతకి ఇంకో భయమూ ఉంది. కోరాపుట్ కొండల్లో 21 కొటియా ఊళ్లు ఒడిశావా, ఆంధ్రావా అన్న తగువు 1968లో సుప్రీంకోర్టుకెక్కింది. అక్కడ బడి గోడ మీద ఏ లిపి ఉందన్నదే ఒక వాదన. అలాంటిచోట పువ్వు వేసినా "ఎవరేశారు?" అని అడుగుతారు. అడగాలి కూడా.

చట్టం ఏమంటుందో కాస్త చెప్పుకుందాం. ఢిల్లీ విజ్ఞాన్ భవన్‌లో అమర్‌నాథ్ సెహగల్ చేసిన పెద్ద కంచు కుడ్యశిల్పాన్ని 1979లో మరమ్మతుల పేరుతో పీకి గోదాములో పడేశారు. ఆయన కోర్టుకెళ్లాడు. 2005లో ఢిల్లీ హైకోర్టు ఆ శిల్పం మిగిలింది ఆయనకి తిరిగివ్వమని, 5 లక్షల రూపాయలు చెల్లించమని తీర్పిచ్చింది. కాపీరైట్ చట్టం 57వ సెక్షన్ కింద, అమ్మేసిన తర్వాత కూడా తన పనిని పాడుచేస్తే అడిగే హక్కు కళాకారుడికి ఉంటుంది. మరి దారినపోయేవాడికి? 52వ సెక్షన్ ప్రకారం బహిరంగ స్థలంలో శాశ్వతంగా నిలిపిన శిల్పాన్ని అతను ఫొటో తీసుకోవచ్చు, బొమ్మ గీసుకోవచ్చు. ఆ చట్టంలో అతనికి దొరికేది అంతే. తన వీధిలో ఏం రావాలో చెప్పే హక్కు అక్కడ వెతికినా ఉండదు. అది వార్డు సభలోనో, వీధి కమిటీలోనో మనం పట్టుబట్టి తెచ్చుకోవాల్సింది. నా వరకు కావలసింది పెద్దదేం కాదు. రంగు డబ్బా తెరవకముందు ఆ వీధిలో ఒక సాయంత్రం కూర్చుని "ఇక్కడేం వేద్దాం?" అని అడగడం. నమూనా బొమ్మ టీ బడ్డీ దగ్గర పది రోజులు వేలాడదీయడం. ఎంతయ్యిందో, ఎవరు వేశారో, ఎన్నేళ్లకి మళ్లీ వేస్తారో గోడ మూల రెండు లిపుల్లో రాయడం. ఇంత చేసినా బొమ్మ బాగా రాకపోవచ్చు. రథాలు కూడా అన్నీ బాగా రావు. కానీ ఎవరితో పోట్లాడాలో తెలుస్తుంది.

మా ఇంటి ఎదురు గోడకి మూడేళ్ల కిందట ఇలాగే ఎవరినీ అడక్కుండా సవర బొమ్మలేశారు. చేతులు పట్టుకుని ఆడే వరస. రెండు వానలకి అడుగు భాగం పెచ్చులూడింది. అటుపక్క ఇల్లు మేం మావుసీ అని పిలిచే ఒడియా ఆవిడది. ఒడియావాళ్లు మార్గశిర గురువారాల్లో మాణబసా అనే లక్ష్మీపూజ చేసుకుంటారు. తెల్లారకముందే బియ్యప్పిండి నీళ్లలో వేళ్లు ముంచి వాకిట్లో ఝోటి అనే ముగ్గు వేసి, లక్ష్మీపాదాలు ఇంట్లోకి నడిపిస్తారు. ఇటుపక్క మా అమ్మ ధనుర్మాసం ముగ్గు పొడిపిండితో చుక్కలు పెట్టి వేస్తుంది. చీకట్లో ఇద్దరూ నడుం వంచి, ఒకరి గీత ఒకరు ఓరగా చూసుకుంటారు. నిరుడు ఒక గురువారం వాకిలి అయిపోయాక మావుసీ గిన్నె పట్టుకుని రోడ్డు దాటింది. గోడ ముందు గొంతుక్కూర్చుని, ఆ వరసలో చివరి మనిషికి పెచ్చుతో పాటు రాలిపోయిన కాలిని వేలితో దిద్దింది. మళ్లీ వానొస్తే పోతుంది కదా మావుసీ అన్నాను. పోతే మళ్లీ వేస్తాను, కాలు లేకుండా ఎలా ఆడుతుంది అంది.